వైన్ ముట్టని నాన్నతో నాపా లోయలో ఒక రోజు

అడిగినవారి సందేహం ఇది: కాలిఫోర్నియాలో తమ ఇంటికి అమ్మానాన్నలు వస్తున్నారు, ఇంట్లో ఎవరూ మద్యం ముట్టరు. వైన్ తోటలకు పేరుపడ్డ నాపా లోయకు పది పన్నెండు మందిని వ్యాన్‌లో తీసుకెళ్ళే ఒకరోజు టూరుకు డబ్బు కడితే దండగా?

దండగ కాదు. నన్నడిగితే తాగనివాళ్ళే నాపాకు వెళ్ళాలి. తాగేవాళ్ళకు వైన్ రుచి చూపించే రెండో చోటు దాకా అన్నీ బాగుంటాయి. మూడో చోటుకు వచ్చేసరికి కొండ ఏదో, తోట ఏదో తెలియదు. మా వ్యాన్‌లో వచ్చినవాళ్ళను చూసి చెబుతున్న మాట ఇది. ఇంతకు మించిన పరిశోధన నేనేమీ చేయలేదు, అవసరమనీ అనుకోను.

మేము ఫ్రీమాంట్‌లో ఉంటాం. రెండేళ్ళ క్రితం ఫిబ్రవరి చివర్లో అమ్మానాన్నలను తీసుకుని వెళ్ళాను. సంగతి చెప్పగానే నాన్న అన్న మొదటి మాట: "సారా బట్టీ చూడటానికి ఇంత దూరం రావాలా బిడ్డా?" మా ఆయన నవ్వు ఆపుకోలేక వంటింట్లోకి వెళ్ళిపోయారు. నేను మాత్రం పట్టుబట్టాను. కారణం ఉంది. నాన్న మేడ్చల్ దగ్గర ద్రాక్ష రైతు. రైతుగా ఉండేవారు అనాలి. ఆరెకరాల అనాబ్-ఎ-షాహి తోట. రాతి కడీలు పాతి, పైన తీగలు లాగి వేసిన పందిరి. కొత్త తరానికి తెలియదు కానీ హైదరాబాద్ చుట్టూ ఒకప్పుడు మేడ్చల్, శామీర్‌పేట, కీసర అంతా ద్రాక్ష తోటలే. ఈ రకం 1890 ప్రాంతంలో అబ్దుల్ బాఖర్ ఖాన్ అనే ఆయన వల్ల హైదరాబాద్‌కు వచ్చిందని చెబుతారు. ఇప్పుడు ఆ ఊళ్ళ పేర్లు చెబితే అపార్ట్‌మెంట్ ధర ఎంత అని అడుగుతున్నారు.

తెల్లవారుజామున రైలెక్కి శాన్ ఫ్రాన్సిస్కోలో పావెల్ స్టేషన్ దగ్గర దిగాం. వ్యాన్ అక్కడే ఎక్కాలి. మొత్తం పన్నెండు మందిమి. ఒక జంట ఇరవై అయిదు నిమిషాలు ఆలస్యంగా, చేతుల్లో కాఫీ కప్పులతో నింపాదిగా నడిచి వచ్చారు. ఆలస్యమైనవాళ్ళు ఆ కప్పులనైనా దాచుకోరా అని నా బాధ. ఇంకో బాధ కూడా ఇక్కడే చెప్పేస్తాను. ముగ్గురం తాగమని ముందే రాసి పంపినా టికెట్టులో ఒక్క డాలర్ తగ్గించలేదు. తాగనివాళ్ళకు వేరే ధర పెట్టిన సంస్థలూ ఉన్నాయని తర్వాత తెలిసింది. మీరు డబ్బు కట్టకముందే అడగండి.

గోల్డెన్ గేట్ వంతెనను పొగమంచు పూర్తిగా మింగేసింది. డ్రైవరే గైడు కూడా. అదిగో వంతెన అని చేయి చూపిస్తే అందరం తెల్లగోడ లాంటి దాన్ని ఫొటోలు తీసుకున్నాం. గంటా గంటంబావు ప్రయాణం. శాన్ పాబ్లో అఖాతం నుంచి వచ్చే ఆ చల్లగాలీ మంచూ లోయ దక్షిణపు కొసకు ముందు తగులుతాయి, అందుకే అక్కడి కార్నెరోస్‌లో షార్డనే, పినో న్వార్ అనే ద్రాక్ష రకాలు వేస్తారు. పైకి వెళ్ళే కొద్దీ వేడి, కాలిస్టోగా వైపు కాబెర్నే సావిన్యోన్. లోయ మొత్తం ముప్పై మైళ్ళ పొడవు, ఎంత వెడల్పున్న చోటైనా అయిదు మైళ్ళు. ఇంత చిన్న చోటులో ఇన్ని వాతావరణాలా అని నాన్న కిటికీకి అతుక్కుపోయారు. సారా బట్టీ మాట ఇక ఎత్తలేదు.

ఫిబ్రవరిలో వెళ్ళమని అందరికీ చెబుతాను. చాలామంది పంట కోతల సమయంలో, అంటే ఆగస్టు నుంచి అక్టోబరు దాకా వెళ్ళాలంటారు. అప్పుడు రద్దీ, ఎండ, ఎండిపోయిన కొండలు. అక్కడ వానలు చలికాలంలో పడతాయి కాబట్టి ఫిబ్రవరిలో కొండలన్నీ పచ్చగా ఉంటాయి. తీగలకు ఆకు ఉండదు. సాళ్ళ మధ్య మాత్రం కనుచూపు మేర పసుపు పచ్చని ఆవపూలు. అమ్మ చూసి, "దీనితో మన వీధి మొత్తానికి ఆవకాయ పెట్టొచ్చు" అంది. కోయరట, పువ్వు గింజ పట్టకముందే కొట్టేసి కలియదున్నుతారట. గైడు చెప్పింది నేను తెలుగులో చెప్పేలోపే నాన్న అందుకున్నారు: "పచ్చిరొట్ట! మనం జనుము వేసి దున్నినట్టే." ఆ ఒక్క మాటతో నాపా ఆయనకు మన పక్క ఊరైపోయింది.

మొదటి చోటు గురించి చెప్పడానికి ఏమీ లేదు. పెద్ద హాలు, పెద్ద దుకాణం. 1976లో పారిస్‌లో జరిగిన పోటీ కథ అక్కడ ఒకసారి, వ్యాన్‌లో ఒకసారి విన్నాం. పేర్లు కనిపించకుండా పోసి ఇస్తే ఫ్రెంచి న్యాయనిర్ణేతలే నాపా వైన్లకు మొదటి స్థానం ఇచ్చారు. తెల్లవాటిలో షాతో మోంటెలీనా, ఎర్రవాటిలో స్టాగ్స్ లీప్, రెండూ 1973 పంటవి. మంచి కథే, కాదనను. కానీ రోజుకు ఒకసారి చాలు.

రెండో చోటు చిన్నది, ఒక కుటుంబం నడుపుతున్నది. ఇలాంటి చోట్లకు పెద్ద బస్సులను రానివ్వరు. చిన్న గుంపు టూరుకు ఎక్కువ డబ్బు ఎందుకు పెట్టాలి అంటే ఇందుకు. వ్యాన్ ఆపిన చోటికి పది అడుగుల్లో తోట. నలుగురు పనివాళ్ళు కొమ్మలు కత్తిరిస్తున్నారు. అందరూ రుచి చూసే గదిలోకి వెళ్ళారు, నాన్న అటు నడిచారు. వెనకే నేను.

మొదట ఆయన వంగి మొదలు చూశారు. నేలకు బెత్తెడు ఎత్తులో బుడిపె. "అంటు కట్టింది" అన్నారు. నిజమే. అక్కడ వేరును తినే ఫిలాక్సెరా అనే పురుగు ఉంది, అందుకే దాన్ని తట్టుకునే వేరు రకం మీద అంటు కడతారు. దాన్ని తట్టుకుంటుందని నమ్మిన ఒక వేరు రకం తట్టుకోలేకపోతే, 1980ల చివరి నుంచి నాపాలో ఎన్నో తోటలను పీకేసి మళ్ళీ నాటారు. మా తోట కొమ్మ ముక్క గుచ్చితే లేచిన తోట, అంటూ గింటూ లేదు. అక్కడ మొక్కను నడుమెత్తు దాటనివ్వకుండా, రెండు చేతులు అటూ ఇటూ చాపినట్టు తీగ మీదకు పాకించారు. నాన్నకు అది నచ్చలేదు. "పిల్లల తోటలా ఉంది" అన్నారు.

పనివాళ్ళలో యాభై ఏళ్ళ మెక్సికో మనిషి ఒకాయన నాన్న చూపును పట్టేశాడు. ఆయనకు స్పానిష్, నాన్నకు తెలుగు, ఉర్దూ. నా స్పానిష్ రెస్టారెంటు దాటదు. ఆయన పాత కొమ్మను పట్టుకుని, రెండు వేళ్ళు చూపించి, రెండు కళ్ళు, అంటే చిగురు వచ్చే మొగ్గలు, వదిలి టక్కున కత్తిరించాడు. నాన్న తల అడ్డంగా ఊపి అయిదు వేళ్ళు చూపించారు. మా రకానికి పండ్ల కత్తిరింపులో అయిదారు కళ్ళు వదలకపోతే గుత్తి రాదు. ఆయన నమ్మలేదు. నాన్న రెండు చేతులూ తలపైకి ఎత్తి, వేళ్ళు అల్లి, పందిరి చూపించారు. ఒక క్షణం ఆగి ఆ మనిషి మెడ వెనక్కి వాల్చి, ఆకాశంలో కత్తెర ఆడించినట్టు ఆడించి, మెడ పట్టుకుని మూలిగాడు. నాన్న పకపకా నవ్వారు. వెంటనే తాను వంగి, నడుము పట్టుకుని, మీకిక్కడ అన్నట్టు చూపించారు. ఆయన తలూపి నడుం తట్టుకున్నాడు. ఇద్దరు రైతులు నొప్పి ఎక్కడో చెప్పుకుని స్నేహితులైపోయారు.

మాకు ఏటా రెండు కత్తిరింపులు అన్న సంగతి మాత్రం ఎన్ని వేళ్ళు చూపినా ఆయనకు ఎక్కలేదు. అక్కడ తీగ చలికి ఆకు రాల్చి నిద్రపోతుంది, లేచేలోపు ఒకసారి కత్తిరిస్తే సరి. మన దక్కనులో తీగకు నిద్రే లేదు. ఏప్రిల్‌లో కొమ్మ కోసం, అక్టోబరులో పండు కోసం కత్తెర పెడితే గానీ దానికి ఏడాది గడిచినట్టు తెలియదు. నాన్న చేతికి ఆయన కత్తెర ఇవ్వబోతే లోపలి నుంచి ఒక అమ్మాయి పరుగున వచ్చి వద్దంది. చేయి తెగితే ఇన్సూరెన్స్ గొడవట. నలభై ఏళ్ళు కత్తెర పట్టిన చేయి అని ఆమెకు ఎలా చెప్పను? ఆమె అటు తిరగగానే నాన్న ఒక్క కొమ్మ కత్తిరించారు. ఏటవాలుగా, కంటికి కాస్త పైన.

లోపల మా కోసం ద్రాక్ష రసం పెట్టారు. తీపి ఎక్కువైందని అమ్మ పక్కన పెట్టింది. బల్ల మీద ఉమ్మడానికి పెట్టిన పాత్ర చూసి, "తమ్మపడిగ ఇక్కడా ఉందే" అంది. నాన్న నా ముందు పోసి పెట్టిన వైన్ గ్లాసు తీసుకుని వాసన చూశారు. తాగలేదు, చూశారంతే. "పందిరి కింద రాలిన పండ్లు తొట్టిలో వేసి మర్చిపోతే మూడో రోజుకు వచ్చే వాసన ఇది" అన్నారు. పోసే ఆయనకు అనువదిస్తే, ఆ రోజు విన్నవాటిలో సరైన వర్ణన ఇదేనన్నాడు. మర్యాదకే అన్నాడేమో, నేను మాత్రం నిజమనే పెట్టుకున్నాను.

తర్వాత లెక్కలు. ఎకరానికి నాలుగు టన్నులు వస్తే గొప్పని వాళ్ళంటే నాన్నకు జాలేసింది. మాకు పన్నెండు వచ్చేవి. ఎక్కువ గుత్తులు ఉంచితే రుచి పలచబడుతుందట, అందుకని పచ్చి గుత్తులను కోసి నేలపాలు చేస్తారట. టన్నుకు ఏడువందల సీసాలు, ఈ సీసా వంద డాలర్లు అని విన్నాక జాలి పోయింది. కొత్తపేట మార్కెట్‌లో కమీషన్ ఏజెంటు తరుగు తీసిన రోజులన్నీ ఆయన మొహంలో కనిపించాయి. కోతప్పుడు వాన పడటం అరుదని విన్నప్పుడైతే, "వీళ్ళేం పుణ్యం చేసుకున్నారో" అన్నారు.

భోజనం మా డబ్బాలోని పులిహోర. టూరులో ఇచ్చే శాకాహారం అంటే రెండు బ్రెడ్డు ముక్కల మధ్య ఆకులు. మీరూ డబ్బా తీసుకెళ్ళండి, మొహమాటపడకండి.

తిరుగు దారిలో గైడు చెప్పిన సంగతే నాన్నను నిజంగా పట్టుకుంది. నాపా కౌంటీ 1968లోనే ఆ లోయ భూమిని వ్యవసాయానికే ఉంచాలని నియమం చేసింది. మొదట ఇరవై ఎకరాలకు తక్కువగా ముక్కలు చేయకూడదన్నారు, తర్వాత దాన్ని నలభై చేశారు. 1990లో, ప్రజల ఓటు లేకుండా వ్యవసాయ భూమిని వేరే అవసరానికి మార్చకూడదని ఓటర్లే తీర్మానించారు.

"అంటే ప్లాట్లు వేయడానికి వీల్లేదా?" అన్నారు నాన్న.

వీల్లేదన్నాను.

కాసేపటికి మళ్ళీ అదే అడిగారు. తర్వాత, "మన ఆరెకరాలు వీళ్ళ లెక్కలో ఒక ముక్క కూడా కాదు" అన్నారు. 2006లో మూడు బోర్లు ఎండాక, అవుటర్ రింగ్ రోడ్డు వస్తోందని ధర పెరిగిన ఏడాది, ఆ తోట అమ్మేశారు. ఇప్పుడక్కడ వెంచర్. కమాను మీద సిమెంటు ద్రాక్ష గుత్తి ఉంది, ఊదా రంగులో. అనాబ్-ఎ-షాహి ఊదా రంగు కాదు, లేత ఆకుపచ్చ. రంగు వేసినవాడికి ఆ మాత్రం తెలియదు. వ్యాన్‌లో వెనక సీట్లవాళ్ళు పాటలు పాడుతున్నారు, నాన్న కళ్ళు మూసుకున్నారు కానీ నిద్రపోలేదు.

ఇంటికొచ్చాక ఆయన కోటు జేబులోంచి ఒక కొమ్మ ముక్క బయటికొచ్చింది. తడి రుమాలు చుట్టి ఉంది. తోట జబ్బులు ఇలాంటి వాటితోనే పాకుతాయి, మీరు ఈ పని చేయకండి. నేను తిట్టేలోపే పెరట్లో కుండీలో గుచ్చేశారు. ఏప్రిల్‌లో చిగురు వేసింది. మే నెలలో వాళ్ళు వెళ్ళిపోయారు. అప్పటి నుంచి వీడియో కాల్‌లో మనవళ్ళ కంటే ముందు కుండీని చూపించాలి. వచ్చే ఫిబ్రవరిలో నేనే కత్తిరించాలట. ఎన్ని కళ్ళు వదలాలో మాత్రం ఆయన ఇంకా తేల్చలేదు.