సర్ టైటస్ సాల్ట్‌ను ఇంగ్లండ్‌లోని బ్రాడ్‌ఫర్డ్ ప్రజలు అంతగా ఎందుకు గౌరవిస్తారు?

డబ్బు సంపాదించిన తీరుకన్నా ఖర్చుపెట్టిన తీరు వల్ల అని నా సమాధానం. టైటస్ సాల్ట్ 1803లో యార్క్‌షైర్‌లోని మోర్లీలో పుట్టాడు. తండ్రితో కలిసి ఉన్ని వ్యాపారంలోకి దిగి, ఎవరూ పెద్దగా పట్టించుకోని దక్షిణ అమెరికా జంతువు అల్పాకా బొచ్చుతో మెరిసే బట్ట నేయించి కోటీశ్వరుడయ్యాడు.

1848లో బ్రాడ్‌ఫర్డ్ మేయర్ అయ్యేనాటికి ఆ ఊరు మిల్లుల పొగతో, మురుగుతో ఉక్కిరిబిక్కిరవుతోంది. మరుసటి ఏడాది కలరా వందల మందిని బలి తీసుకుంది. పొగ తగ్గించే కొలిమిని తన మిల్లులో పెట్టి, మిగతా యజమానులనూ పెట్టమన్నాడు. వాళ్లు వినలేదు. దాంతో ఊరి బయట, ఎయిర్ నది ఒడ్డున కొత్త మిల్లు కట్టి, 1853లో తన యాభయ్యో పుట్టినరోజున తెరిచాడు. చుట్టూ కార్మికుల కోసం ఊరే వెలిసింది: రాతి ఇళ్లు, మంచినీళ్లు, బడి, ఆసుపత్రి, స్నానశాలలు, వృద్ధులకు ఇళ్లు, పార్కు. దాని పేరు సాల్టైర్, అంటే తన ఇంటిపేరు, నది పేరు కలిపి పెట్టినదన్నమాట. వీధులకు భార్యాబిడ్డల పేర్లు!

సారా దుకాణాన్ని మాత్రం ఊళ్లోకి రానివ్వలేదు. ఇల్లూ ఉద్యోగమూ ఒకే యజమాని చేతిలో ఉండటం కార్మికులకు ఎంత స్వేచ్ఛనిచ్చిందన్నది వేరే సంగతి. దయతోపాటు పెత్తనమూ ఉందనే నేననుకుంటాను.

తర్వాత కొన్నాళ్లు పార్లమెంటు సభ్యుడిగా ఉన్నాడు, 1869లో బారోనెట్ (వంశపారంపర్యంగా వచ్చే 'సర్' బిరుదు) అయ్యాడు. 1876లో చనిపోయినప్పుడు అంతిమయాత్ర దారి పొడవునా సుమారు లక్ష మంది నిలబడ్డారని అంచనా. సాల్టైర్‌ను 2001లో యునెస్కో ప్రపంచ వారసత్వ స్థలంగా గుర్తించింది.