సెట్ నిర్మాతది, అప్పు మీదా?

ప్రశ్న: నాకు 41 ఏళ్లు. హైదరాబాద్‌లో ప్రొడక్షన్ డిజైనర్‌ని. సినిమాలు, సీరియళ్లు, వెబ్ సిరీస్‌లు కలిపి ఏడాదికి 18 లక్షల దాకా ఫీజు వస్తుంది. షెడ్యూల్ ఆగకూడదని గత సినిమా సెట్ ఖర్చు నేనే పెట్టాను. రెండు రూపాయల వడ్డీకి 9 లక్షలు తెచ్చి 11 నెలలైంది. సినిమా ఇంకా రిలీజ్ కాలేదు. మ్యూచువల్ ఫండ్లలో 5 లక్షలున్నాయి. 15 లక్షల పర్సనల్ లోన్ తీసుకుని పాత బాకీ తీర్చి, మిగిలిన 6 లక్షలతో కొత్త వెబ్ సిరీస్ సెట్ మొదలుపెట్టాలనుకుంటున్నాను. ఫండ్లలో నెలనెలా వేసే సిప్ కూడా పెంచమంటారా?

జవాబు: వద్దు. ఆ లోన్ దరఖాస్తు ఇంకా పెట్టకపోతే అక్కడే ఆపేయండి. మీ ఉత్తరానికి జవాబు రాయడానికి కారణం ఒకటే. ఆర్ట్ డిపార్ట్‌మెంట్‌లో ఈ పొరపాటు చాలామంది చేస్తున్నారు. 'తర్వాత సర్దుతాం' అని ప్రొడక్షన్ మేనేజర్ అనగానే కార్పెంటర్ల కూలీ, ప్లైవుడ్ బిల్లు తమ చేతి నుంచి పెట్టేస్తున్నారు. మీరు డిజైనర్, ఫైనాన్షియర్ కాదు. సినిమా ఆడితే మీకు లాభంలో వాటా లేదు, ఆగిపోతే మాత్రం నష్టం పూర్తిగా మీదే. ఆ సెట్ ఎప్పుడో విప్పేసి ఉంటారు. దానికి మీరు ఇంకా నెలకు 18 వేలు కడుతున్నారు. ఇప్పటికి 1.98 లక్షలు వడ్డీకే పోయింది.

మీరు పంపిన లెక్కల కాగితం చూశాను. ప్లైవుడ్ షీట్లు ఎన్నో, మౌల్డింగ్‌కు ప్లాస్టర్ ఆఫ్ పారిస్ బస్తాలు ఎన్నో పైసలతో సహా ఉంది. ఇంటి ఖర్చు దగ్గర మాత్రం 'సుమారు 60 వేలు' అని ఒక్క ముక్క. అత్యవసర నిధి అనే గడే లేదు. నాకు ఎక్కువ భయం వేసింది అక్కడే. ఉద్యోగికి ఆరు నెలల ఖర్చు చాలంటాం. మీకు పన్నెండు నెలలది కావాలి, అంటే 7.20 లక్షలు. మీ పనికి నెల జీతం లేదు, చివరి వాయిదా రిలీజ్‌ను బట్టి ఉంటుంది. పైగా పరిశ్రమ ఉన్నట్టుండి ఆగిపోవడం మీరు చూసిందే: 2020 మార్చిలో కరోనా, 2022 ఆగస్టులో నిర్మాతలు షూటింగులు ఆపడం, 2025 ఆగస్టులో వేతనాల కోసం కార్మికుల సమ్మె. ఆరేళ్లలో మూడుసార్లు! నాలుగోసారి వస్తే ఇంట్లో బియ్యం దేనితో కొంటారు? మళ్లీ రెండు రూపాయల వడ్డీకేనా?

ఫండ్లలోని 5 లక్షలు తీసి ఈ వారమే అసలులో కట్టేయండి. రెండు రూపాయల వడ్డీ అంటే ఏడాదికి 24 శాతం; ఏటా కచ్చితంగా అంత ఇచ్చే ఫండ్ ఎక్కడా లేదు. నెల వడ్డీ 8 వేలకు దిగుతుంది. మిగిలిన 4 లక్షలకు బ్యాంకులో బంగారం మీద లోన్ తీసుకున్నా వడ్డీ తగ్గుతుంది, కానీ ఒక్క రూపాయి కూడా అదనంగా తీసుకోకండి. సిప్ పెంచడం కాదు, అత్యవసర నిధి నిండేదాకా ఆపండి.

ఇక నిధికి మొదటి డబ్బు. మీ ఫీజులో 10 శాతం టీడీఎస్ (ముందుగానే పట్టుకునే ఆదాయపు పన్ను) కోస్తున్నారు, అంటే ఏడాదికి 1.80 లక్షలు. మీలాంటి ఆర్ట్ డైరెక్టర్ వృత్తికి ప్రిజంప్టివ్ పద్ధతి, అంటే ఫీజులో సగాన్నే ఆదాయంగా లెక్కగట్టే పద్ధతి, వర్తిస్తుంది కాబట్టి 9 లక్షలే ఆదాయంగా చూపవచ్చు. వేరే ఆదాయం లేకపోతే కొత్త పన్ను విధానంలో పన్ను పడదు. గడువులోగా రిటర్న్ వేస్తే ఆ మొత్తం వెనక్కి వస్తుంది. రాగానే విడి ఖాతాలో వేయండి. ఆపైన అందే ప్రతి వాయిదాలో 30 శాతం ముందు అక్కడికే వెళ్లాలి. ఆ ఖాతాకు యూపీఐ పెట్టుకోకండి.

ఆరోగ్య బీమా లేదన్నారు. ఈ నెలలోనే ఇంటిల్లిపాదికీ కలిపి వర్తించే 10 లక్షల ఫ్లోటర్ ఆరోగ్య బీమా, మీ పేరున కోటి రూపాయల టర్మ్ జీవిత బీమా పాలసీ తీసుకోండి. 2025 సెప్టెంబరు 22 నుంచి ఈ ప్రీమియాలపై జీఎస్టీ కూడా లేదు.

వెబ్ సిరీస్ అగ్రిమెంట్‌లో రెండు మాటలు రాయించండి: మెటీరియల్ బిల్లులన్నీ ప్రొడక్షన్ పేరు మీదే ఉండాలి, సెట్ అడ్వాన్స్ అందాకే పని మొదలవుతుంది. సెట్ డబ్బు మీ బిల్లుల మీదుగా నడిస్తే రాబడి 20 లక్షలు దాటి జీఎస్టీ రిజిస్ట్రేషన్ కూడా మెడకు చుట్టుకుంటుంది. అడ్వాన్స్ అడిగితే అవకాశం పోతుందని టెన్షన్ పడుతున్నారు, అర్థమవుతోంది. పాత నిర్మాత దగ్గర ఆ మాట అడగనందుకే ఈ 9 లక్షలు ఇరుక్కున్నాయి. బాకీ ఎంతో ఆయన చేత ఈమెయిల్‌లో రాయించుకోండి, ఫోన్‌లో ఇచ్చిన మాట చాలదు.