లండన్ టవర్‌లో మాయమైన రాకుమారులు: అబ్బేలో ఉన్న ఎముకలు వాళ్లవేనా?

లండన్‌లోని పెద్ద చర్చి వెస్ట్‌మిన్‌స్టర్ అబ్బేలో పెట్టిన ఎముకలు 1483లో కనపడకుండా పోయిన ఆ ఇద్దరు అన్నదమ్ములవేనా, వాళ్లని చంపించింది సొంత బాబాయేనా అని అడిగారు. నేను చరిత్ర చదువుకున్నదాన్ని కాను, పిల్లల పళ్ల డాక్టర్ని. మాది తెనాలి, పద్నాలుగేళ్లుగా ఇంగ్లండ్‌లో ఉంటున్నాను. ఈ విషయంలో నేనెందుకు నోరు విప్పుతున్నానంటే, ఆ ఎముకలు రాకుమారులవే అనే మాటకి ఇవాళ్టికీ పెద్ద ఆధారంగా చూపించేది పళ్లనే.

ముందు నా అభిప్రాయం చెప్పేస్తాను. పిల్లలిద్దరూ 1483లోనే చనిపోయారని, ఆ పాపం బాబాయ్‌దేనని నేను నమ్ముతాను. కానీ అబ్బేలో ఆ ఎముకలు పెట్టిన పాలరాతి పాత్రలో ఉన్నది వాళ్లే అని ఎవరైనా ఖాయంగా చెబితే మాత్రం ఒప్పుకోను.

కథ తెలియనివాళ్ల కోసం కొంచెం చెబుతాను. 1483 ఏప్రిల్ 9న ఇంగ్లండ్ రాజు నాలుగో ఎడ్వర్డ్ చనిపోయాడు. పెద్ద కొడుకు ఎడ్వర్డ్‌కి పన్నెండేళ్లు, చిన్నవాడు రిచర్డ్‌కి తొమ్మిది. పెద్దవాడు వేల్స్ సరిహద్దులోని లడ్లో కోటలో మేనమామ ఆంథొనీ వుడ్‌విల్ దగ్గర పెరుగుతున్నాడు. తండ్రి పోయాడని తెలిసి లండన్‌కి బయల్దేరితే దారిలో బాబాయ్ రిచర్డ్ ఎదురయ్యాడు. ఆ రాత్రి బాబాయ్, మేనమామ నార్తాంప్టన్‌లో కలిసి కూర్చుని భోంచేశారు, తెల్లారేసరికి మేనమామ అరెస్టయ్యాడు, జూన్‌లో తల తీశారు.

ఇంగ్లీషు పుస్తకాల్లో ఇద్దరూ అంకులే కాబట్టి ఈ ముక్క చదివేవాళ్లకి అంతగా తగలదు. మనకి తగులుతుంది. మేనమామ అంటే అమ్మ తరఫు, ముద్దు చేసేవాడు. బాబాయ్ అంటే నాన్న పోతే నాన్న స్థానంలో నిలబడాల్సినవాడు. అబ్బేలోని పాత్ర మీద లాటిన్‌లో చెక్కిన మాటల్లో కూడా ఉత్త అంకుల్ లేదు, 'పాత్రూస్' అని ఉంది. లాటిన్‌లో అది తండ్రి సోదరుడికి మాత్రమే వాడే మాట. మొదటిసారి దాని అర్థం తెలుసుకున్నప్పుడు నాకు ఒళ్లు జలదరించింది, ఎందుకంటే అది అచ్చంగా మన మాట.

పెద్దవాడిని లండన్ టవర్ అనే కోటలో పెట్టారు. అప్పట్లో అది జైలు ఒక్కటే కాదు, పట్టాభిషేకానికి ముందు రాజులు బస చేసే రాజభవనం కూడా, కాబట్టి మొదట్లో ఎవరికీ అనుమానం రాలేదు. తల్లి ఎలిజబెత్ వుడ్‌విల్‌కి మాత్రం వచ్చింది. చిన్న కొడుకుని, కూతుళ్లని తీసుకుని వెస్ట్‌మిన్‌స్టర్ అబ్బేలో శరణు తీసుకుంది. జూన్ 16న కాంటర్‌బరీ ఆర్చ్‌బిషప్ వెళ్లి, అన్న పట్టాభిషేకానికి తమ్ముడు పక్కన లేకపోతే ఎలా అని నచ్చజెప్పి చిన్నవాణ్ణి కూడా తీసుకెళ్లాడు. ఆ పట్టాభిషేకం జరగనే లేదు. తల్లిదండ్రుల పెళ్లే చెల్లదు, తండ్రి ఎడ్వర్డ్‌కి అంతకు ముందే ఇంకొకామెతో పెళ్లి ఒప్పందం ఉంది కాబట్టి ఈ పిల్లలకి హక్కు లేదు అన్నారు, జూలై 6న కిరీటం బాబాయ్ తల మీదకి వెళ్లింది.

ఆ వేసవిలో పిల్లలు టవర్ తోటలో బాణాలు వేస్తూ ఆడుకోవడం చూశామని లండన్ జనం చెప్పుకున్నారు. తర్వాత లోపలి గదుల్లోకి మార్చారు. కిటికీ ఊచల వెనక రోజురోజుకీ తక్కువగా కనిపిస్తూ, చివరికి కనిపించడమే మానేశారని, అప్పుడు లండన్‌లోనే ఉన్న డొమినికో మాంచినీ అనే ఇటలీ ఆయన అదే ఏడాది డిసెంబర్‌లో రాశాడు. ఈ మొత్తం వ్యవహారంలో నేను ఎక్కువ విలువ ఇచ్చేది ఆయన రాతకే. ఆయన డాక్టర్ జాన్ ఆర్జెంటైన్ గురించి చెబుతాడు. పెద్దవాడి దగ్గర చివరిదాకా ఉన్న మనిషి ఆయన. ఆ అబ్బాయి తనకి చావు దగ్గరపడిందని రోజూ పాపాలు ఒప్పుకుని ప్రార్థన చేసుకుంటున్నాడని ఆర్జెంటైన్ చెప్పాడట. పన్నెండేళ్ల పిల్లవాడు! నా దగ్గరికి వచ్చే పన్నెండేళ్లవాళ్లు ఇంజెక్షన్ అంటేనే టెన్షన్‌తో అమ్మ చెయ్యి వదలరు. ఆ వాక్యం చదివిన రోజు నాకు నిద్ర పట్టలేదు.

ఇక ఎముకలు. 1674లో టవర్ మధ్యలోని వైట్ టవర్ పక్కన ఒక పాత మెట్ల దారిని పడగొడుతుంటే, పది అడుగుల లోతులో చెక్క పెట్టెలో పిల్లల ఎముకలు దొరికాయి. పనివాళ్లు వాటిని మొదట చెత్తకుప్పలో పారేశారు, ఎవరికో అనుమానం వచ్చాక మళ్లీ ఏరి తెచ్చారు. రెండో చార్లెస్ రాజు వాటిని క్రిస్టఫర్ రెన్ గీసిన పాలరాతి పాత్రలో పెట్టించి 1678లో అబ్బేకి చేర్చాడు. అందరికీ నమ్మకం ఎందుకు కుదిరిందంటే థామస్ మోర్ అనే రచయిత తన రాతలో, రిచర్డ్ మనిషి జేమ్స్ టిరెల్ ఇద్దరి చేత పిల్లల్ని దిండ్లతో ఊపిరాడకుండా చేయించి మెట్ల కింద పూడ్పించాడని రాశాడు కాబట్టి. కానీ అదే మోర్ తర్వాతి మాటల్లో ఒక ప్రీస్ట్ వాళ్లని అక్కణ్ణుంచి తీసి ఇంకో చోట పాతిపెట్టాడని కూడా రాశాడు. సగం మాట పట్టుకుని మిగతా సగం వదిలేస్తే ఎలా? పైగా 1483లో మోర్‌కి ఐదేళ్లు, తర్వాత అతను పెరిగింది బాబాయ్ రిచర్డ్‌కి బద్ధశత్రువైన బిషప్ మోర్టన్ ఇంట్లో.

1933లో పాత్ర తెరిచి డాక్టర్ విలియం రైట్ పరీక్ష చేశాడు, పళ్ల విషయంలో జార్జ్ నార్త్‌క్రాఫ్ట్ అనే డెంటిస్ట్ సాయం చేశాడు. పెద్ద పిల్లవాడికి పన్నెండు పదమూడేళ్లు, చిన్నవాడికి తొమ్మిది నుంచి పదకొండేళ్లు అని తేల్చారు. సరిగ్గా సరిపోయింది కదా అని లోకమంతా అనుకుంది.

నేను రోజూ చేసే పని ఇదే కాబట్టి దీని గురించి కొంచెం ఆగి చెబుతాను. ఆరేళ్లకి మొదటి దవడ పన్ను వస్తుంది, పన్నెండేళ్ల ప్రాంతంలో రెండోది వస్తుంది, ఈ మధ్యలో పాల పళ్లు ఒక్కొక్కటే ఊడి శాశ్వత పళ్లు వస్తుంటాయి. చిగురులోంచి ఎప్పుడు బయటపడింది అనేదాని కన్నా, దవడ లోపల పంటి వేరు ఎంతవరకు కట్టింది అనేది వయసుకి నమ్మకమైన గుర్తు. అయినా అది ఒక ఏడాది అటూఇటూ, ఒక్కోసారి అంతకన్నా ఎక్కువే తప్పుతుంది. నా ఉద్యోగం మొదట్లో ఒక పాప ఎక్స్‌రే మాత్రమే ముందు పెట్టుకుని పన్నెండు దాటాయి అని ధీమాగా చెప్పాను. పుట్టినరోజు చూస్తే ఆ పాపకి పదేళ్ల నాలుగు నెలలు. ఆ రోజు నుంచి నేను అంకె చెప్పను, 'ఇంతకీ అంతకీ మధ్య' అనే చెబుతాను. 1933లో వాళ్లకి ముందే తెలుసు ఎవరి కోసం వెతుకుతున్నారో. పన్నెండు, తొమ్మిది అని మనసులో పెట్టుకుని దవడ చూస్తే పన్నెండు, తొమ్మిదే కనిపిస్తాయి. నాకైనా అంతే.

ఇంకో సంగతి. ఆ వయసులో ఎముకలు చూసి మగపిల్లవాడా ఆడపిల్లా అని చెప్పలేం. 1933లో కార్బన్ డేటింగ్ లేనే లేదు. అంటే ఆ ఎముకలు 1483 నాటివేనా, రోమన్ల కాలం నాటివా అన్నది కూడా తేలలేదు. ఎముకల్లో జంతువులవి, తుప్పు పట్టిన మేకులు కూడా కలిసి ఉన్నాయి. పది అడుగుల లోతు గొయ్యి రాత్రికి రాత్రి, మనుషులతో కిటకిటలాడే కోటలో, మెట్ల కింద ఎవరు తవ్వారు అన్నది నాకు ఇంకా అర్థం కాని విషయం.

కొన్ని పళ్లు పుట్టుకతోనే రాలేదు కాబట్టి ఇద్దరూ రక్తసంబంధులే అనే వాదన కూడా ఉంది. చిన్న రిచర్డ్‌కి నాలుగేళ్లకే పెళ్లి చేశారు, ఆ పెళ్లికూతురు ఆన్ మౌబ్రే కూడా దూరపు చుట్టమే, ఆ పాప శవపేటిక 1964లో దొరికినప్పుడు ఆమెకీ కొన్ని శాశ్వత దంతాలు లేవని తేలింది. వినడానికి బావుంటుంది. కానీ ఒకటో రెండో పళ్లు అసలు రాని పిల్లలు నా కుర్చీలోకి ఎంతోమంది వస్తారు, వాళ్లంతా చుట్టాలు కారు.

1933 రిపోర్టులో నన్ను కదిలించింది వేరే ముక్క. పెద్ద పిల్లవాడి కింది దవడ ఎముకకి జబ్బు ఉందని రాశారు. దవడ ఎముకకి ఇన్ఫెక్షన్ వస్తే ఆ సలుపు ఎలా ఉంటుందో నాకు తెలుసు, నమలలేరు, పడుకోలేరు, పిల్లలు ఒక చెంప చేత్తో పట్టుకునే కూర్చుంటారు. ఆ ఎముకలు ఎడ్వర్డ్‌వే అయితే డాక్టర్ ఆర్జెంటైన్ చివరిదాకా ఎందుకు వచ్చిపోయేవాడో అర్థమవుతుంది. కాకపోయినా, ఎవరి బిడ్డో గానీ చాలా బాధపడ్డాడు.

బాబాయే అని ఎందుకు నమ్ముతానంటే, నాకు కారణం ఒక్కటే. 1483 శరదృతువులో పిల్లలు చచ్చిపోయారని దేశమంతా గుప్పుమంది, తిరుగుబాటు లేచింది. ఒక్క రోజు ఇద్దర్నీ గుర్రాల మీద లండన్ వీధుల్లో తిప్పి ఉంటే పుకారు అక్కడితో ఆగిపోయేది. తిప్పలేదు. ఆ ఏడాది క్రిస్మస్‌కి ఫ్రాన్స్ వైపున ఉండి ఇంగ్లండ్ సింహాసనం మీద కన్నేసిన హెన్రీ ట్యూడర్, ఆ పిల్లల అక్కని పెళ్లి చేసుకుంటానని ప్రమాణం చేశాడు, తల్లి తరఫువాళ్లు అతని వైపు నిలబడ్డారు. కొడుకులు బతికున్నారన్న ఆశ ఉన్న తల్లి సింహాసనం ఇంకొకరికి వదులుకుంటుందా? 1484 మార్చిలో ఆవిడ కూతుళ్లని రిచర్డ్ చేతికి అప్పగించింది కదా అని అడుగుతారు. ఎవరికీ హాని చెయ్యనని అందరి ముందూ ప్రమాణం చేయించుకున్నాకే అప్పగించింది. ఆ ప్రమాణం అడగాల్సి వచ్చిందంటేనే ఆవిడ మనసులో ఏముందో తెలుస్తోంది.

పిల్లలు తప్పించుకున్నారనేవాళ్లు పెర్కిన్ వార్‌బెక్‌ని చూపిస్తారు. తానే చిన్న రిచర్డ్‌నని చెప్పుకుని స్కాట్లండ్ రాజు దాకా నమ్మించి, 1499లో ఉరి తీయించుకున్న మనిషి. 2023లో ఫ్రాన్స్‌లోని లిల్ నగరంలో బయటపడిన రసీదు ఒకటి ఉంది, 1487లో 'ఎడ్వర్డ్ రాజు కొడుకు' కోసం ఈటెలు కొన్నట్టు. కొన్నది నిజమే కావచ్చు, కొన్నవాళ్లు నమ్మారు కూడా కావచ్చు, కానీ ఆ కొడుకు అసలు కొడుకేనా అన్నది రసీదు చెప్పలేదు.

మొన్న మా అబ్బాయిని తీసుకుని అబ్బేకి మళ్లీ వెళ్లాను. హెన్రీ 7 చాపెల్‌లో ఎడమ చేతి నడవలో, ఎలిజబెత్ 1 సమాధి దాటాక చివరికంటా వెళ్లాలి. పాత్ర గోడలో ఒదిగి ఉంటుంది, అనుకున్నంత పెద్దది కాదు. పక్కనే జేమ్స్ 1 కూతురు సోఫియా, పుట్టీ పుట్టగానే పోయిన పసిగుడ్డు, పాలరాతి ఉయ్యాలలో పడుకుని ఉంటుంది. మా వాడికి తొమ్మిది, ఊగే పాల పన్ను నాలుకతో తోసుకుంటూ ఆ ఉయ్యాల్లోకి తొంగి చూశాడు. నేను పాత్ర వైపే చూస్తూ ఉండిపోయాను.

1933 తర్వాత ఆ పాత్ర మళ్లీ తెరవడానికి ఇంతవరకూ అనుమతి రాలేదు. పిల్లల్ని ప్రశాంతంగా ఉండనివ్వాలి అంటారు, ఆ మాటనీ గౌరవిస్తాను. కానీ 2012లో లెస్టర్ కార్ పార్క్ కింద బాబాయ్ అస్థిపంజరం దొరికింది, అతని డీఎన్‌ఏ ఇప్పుడు మన దగ్గర ఉంది. ఆ పిల్లలు అతని అన్న కొడుకులు కాబట్టి తండ్రి నుంచి కొడుక్కి వచ్చే వై క్రోమోజోమ్ ఒకటే ఉండాలి. ఆ పిల్లల్ని గుర్తుపట్టించేది బాబాయ్ ఎముకలే కావచ్చు.

డీఎన్‌ఏ చెడిపోయి ఉన్నా పళ్లున్నాయి. మనం చిన్నప్పుడు ఎక్కడి నీళ్లు తాగామో, ఎక్కడి తిండి తిన్నామో ఎనామిల్‌లో నిలిచిపోతుంది, తర్వాత మారదు. బాబాయ్ రిచర్డ్ పళ్లు పరీక్షిస్తే అతను ఏడేళ్లలోపే ఇంగ్లండ్ పడమర వైపుకి మారాడని తెలిసింది. ఎడ్వర్డ్‌ని రెండున్నరేళ్లకి లండన్ నుంచి లడ్లో పంపేశారు. మొదటి దవడ పన్ను ఎనామిల్ మూడేళ్లలోపు కట్టేది, అది లండన్‌ది. రెండో దవడ పన్నుది మూడు నుంచి ఏడేళ్ల మధ్యలో కట్టేది, అది లడ్లోది అవ్వాలి. తమ్ముడు తల్లి దగ్గరే పెరిగాడు, కాబట్టి వాడి పళ్లలో ఆ తేడా ఉండకూడదు. ఎప్పటికైనా ఆ పాత్ర తెరిస్తే, మిగతావన్నీ పక్కన పెట్టి ముందు పెద్దవాడి దవడలో ఆ రెండు పళ్లు పక్కపక్కన పెట్టి చూడమంటాను.