గరిష్ఠం అని పేరు పెట్టి, చిన్న ఘాతం తీసుకోమంటారేంటి?

18క³గ², 24క²గ⁴ పదాల గ.సా.కా. (గరిష్ఠ సామాన్య కారణాంకం) 6క²గ² ఎలా అయింది, గరిష్ఠం అన్నాక క³గ⁴ రావాలి కదా అని మీ ప్రశ్న. స్కూల్లో నేనూ అచ్చం ఇక్కడే బోల్తా పడ్డాను. పరీక్షలో అన్నిటికీ పెద్ద ఘాతాలే వేసి, మార్కులు పోయాక కూడా దిద్దినవాళ్లే పొరబడ్డారని కొన్నాళ్లు వాదించాను.

ఓ రోజు విసుగొచ్చి ఘాతాలన్నీ విప్పి రాశాను:

18క³గ² = 2×3×3×క×క×క×గ×గ
24క²గ⁴ = 2×2×2×3×క×క×గ×గ×గ×గ

పై వరుసలో ఒక్కోదానికి కింద జోడీ ఉందేమో చూసి కొట్టేస్తూ పోయాను. 2 ఒకటి, 3 ఒకటి, క రెండు, గ రెండు కలిశాయి. పైనున్న మూడో క ఒంటరిగా మిగిలింది. క³ తీసుకుంటే రెండో పదాన్ని అది భాగించలేదు, అంతే సంగతి. గరిష్ఠం అన్నది రెంటికీ ఉమ్మడిగా ఉన్నవాటిలో గరిష్ఠం. చిన్న ఘాతం ఎంతో, ఉమ్మడి అంతవరకే. పెద్ద ఘాతాలు కావలసింది క.సా.గు.కి (కనిష్ఠ సామాన్య గుణిజానికి). నేను రాసింది నిజానికి దాని జవాబు!

ఇప్పుడు 30క⁵ అనే మూడో పదం వచ్చి చేరిందనుకోండి. అందులో గ లేనే లేదు కాబట్టి జవాబులోంచి గ మొత్తం ఎగిరిపోయి 6క² మిగులుతుంది. గుణకాలు పెద్దవైతే నేను కారణాంకాల జోలికి పోను. 126, 84 ఉంటే తీసివేస్తే 42, అది 84ని నిశ్శేషంగా భాగిస్తుంది, కాబట్టి 42. ప్రాచీన గ్రీకు గణితవేత్త యూక్లిడ్ కాలం నాటి పద్ధతే ఇది.

జవాబు సరిచూడటానికి క=2, గ=3 అని వేసి సంఖ్యల గ.సా.కా. కట్టకండి. నేను కట్టి కంగారుపడ్డాను. మీ లెక్కలోనే 1296, 7776 వస్తాయి, వాటి గ.సా.కా. 1296. మన 6క²గ² విలువేమో 216. తప్పు జవాబుది కాదు. భాగించాక మిగిలిన 3క, 4గ² లకు బీజగణితంలో ఉమ్మడి ఏమీ లేదు, కానీ ఆ విలువలు వేయగానే అవి 6, 36 అయి కొత్తగా 6 ఉమ్మడైంది. అందుకే విలువలు వేయకుండా, భాగించగా మిగిలినవాటిలో ఉమ్మడి ఇంకేమైనా ఉందా అని మాత్రమే చూస్తాను.

ఉమ్మడి బయటికి తీసేటప్పుడు ఇంకోటి: 15క²గ − 10కగ² + 5కగ లో 5కగ తీశాక చివరి చోట సున్నా కాదు, 1 ఉండాలి. 5కగ(3క − 2గ + 1). ఆ 1 నేను ఇప్పటికీ అప్పుడప్పుడు మర్చిపోతుంటాను.