సందేహాలు – సమాధానాలు: రద్దును రద్దు చేయవచ్చునా?

సందేహం: ఎన్నికైన శాసనసభను రద్దు చేస్తే దానిని కోర్టులు సమీక్షించవచ్చునా అని మా మిత్రుల మధ్య చర్చ జరిగింది. 2005లో బీహార్ శాసనసభ రద్దయిన కేసును గురించి ఒకరు ‘సుప్రీంకోర్టు రద్దును రద్దు చేసింది’ అన్నారు, మరొకరు ‘రద్దును కొట్టివేసింది’ అన్నారు, నేను ‘రద్దు చెల్లదన్నది’ అన్నాను. వీటిలో ఏది సాధువు? – అమలాపురం నుంచి ఒక విశ్రాంత ఉపాధ్యాయులు

సమాధానం: వ్యాకరణం మూడింటినీ ఒప్పుకుంటుంది. అయితే మూడూ చెప్పే సంగతి ఒకటి కాదు, జరిగినదానికి మీ వాక్యమే దగ్గరగా ఉన్నది.

రద్దు అరబ్బీ పదం. తిప్పిపంపడం, తిరస్కరించడం దాని మూలార్థం. ఫారసీ కచేరీల మీదుగా మన దస్తావేజుల్లోకి వచ్చి స్థిరపడింది. దాని పుట్టుక మీద నాకు ఫిర్యాదు లేదు, దానిచేత మనం చేయించే వెట్టిచాకిరీ మీదనే ఉన్నది. రైలు రద్దు, పరీక్ష రద్దు, పట్టా రద్దు అన్నట్లే శాసనసభ రద్దు, శాసనమండలి రద్దు అని కూడా రాస్తున్నాము. రాజ్యాంగంలో ఈ చివరి రెండింటికీ పోలిక లేదు. 174వ అధికరణం కింద గవర్నరు శాసనసభను రద్దు చేస్తే సభ్యుల పదవులు పోతాయి కాని సభ అనే వ్యవస్థ పోదు, ఎన్నికల తరువాత కొత్త సభ్యులతో మళ్లీ కొలువుదీరుతుంది. మండలికి 172వ అధికరణం ప్రకారం అటువంటి రద్దే లేదు, రెండేళ్లకొకసారి మూడోవంతు సభ్యులు విరమిస్తారు. 169వ అధికరణం కింద పార్లమెంటు చట్టం చేస్తే మండలి అనే వ్యవస్థే పోతుంది. ఆంధ్రప్రదేశ్‌లో 1985లో అలా పోయి 2007లో తిరిగి వచ్చింది. ఒకటి ఇల్లు ఖాళీ చేయించడం, మరొకటి ఇంటినే పడగొట్టడం. రెండింటికీ ఒకే మాట వేసి చేతులు దులుపుకునే శీర్షికల రచయితలకు తెలుగులో మాటలు కరవయ్యాయని నేను అనుకోను, ఓపిక కరవయింది.

ఇక మీరు వాడిన చెల్లు దగ్గర కొంతసేపు నిలవనివ్వండి. దీనిని గురించి రాయాలని ఎన్నాళ్లుగానో ఉన్నది, మీ ఉత్తరంతో సాకు దొరికింది. తమిళంలో సెల్, కన్నడంలో సల్లు దీనికి తోబుట్టువులు. తమిళంలో ఈ ధాతువుకు వెళ్లడమే మొదటి అర్థం, ఆ నడక మన మాటలోనూ నిలిచే ఉన్నది. రావులపాలెం అరటి మార్కెట్టులో చిరిగిన నోటు చాపితే ‘ఇది చెల్లదండీ’ అంటారు, అంటే బజారులో అది ముందుకు నడవదని. మందుల దుకాణంలో కాలం చెల్లిన సీసా అంటే దాని గడువు నడిచి వెళ్లిపోయిందని. చెల్లిన నోటు పనికివస్తుంది, కాలం చెల్లిన మందు పనికిరాదు. ఈ రెండు ఎదురు అర్థాలూ ఒకే నడకలోనుంచి పుట్టడం చూస్తే నాకు ఎప్పుడూ ముచ్చట వేస్తుంది. అప్పులో కొంత తీర్చినప్పుడు ప్రామిసరీ నోటు వెనుక ఇంత ముట్టిందని తేదీతో రాసి సంతకం చేయడాన్ని చెల్లు వేయడం అంటారు, కోనసీమ రైతుకు ఇది నేను చెప్పనక్కరలేదు. అయిదేళ్లు నిండి దానంతట అదే ముగిసిన సభను కాలం చెల్లిన సభ అనడమే న్యాయం. చెల్లుబడి, చెల్లుచీటీ, చెల్లుకు చెల్లు మొదలైనవి ఇప్పటికి వదిలేస్తున్నాను.

మనకు కావలసినది మరో అర్థం. ‘ఆ పని నీకు చెల్లదు’ అంటే పని మంచిదా చెడ్డదా అనే విచారణ కాదు, నీకు ఆ అధికారం ఉన్నదా అని నిలదీయడం. రాజమహేంద్రవరంలో కూర్చుని నన్నయ తెనిగించిన సభాపర్వంలో ద్రౌపది అడిగినది సరిగ్గా ఇదే. తన్నోడి నన్నోడెనా, నన్నోడి తన్నోడెనా అని తెలుగువారి నోట నానిన ఆ ప్రశ్నకు భీష్ముడంతటివాడు ధర్మం సూక్ష్మమని తప్పుకున్నాడు, ఆమె గెలువబడలేదని తేల్చి చెప్పినవాడు కౌరవులలో చిన్నవాడైన వికర్ణుడు. తనను తాను ఓడినవాడికి మరొకరిని పణంగా ఒడ్డడం చెల్లుతుందా అన్న ఆ సందేహంలోనే, బలం కోల్పోయిన ముఖ్యమంత్రి సభను రద్దు చేయమని గవర్నరుకు సలహా ఇవ్వడం చెల్లుతుందా అన్న నేటి వివాదమూ ఇమిడి ఉన్నదని నాకు తోస్తుంది. న్యాయశాస్త్రజ్ఞులు ఒప్పుకోకపోతే ఒప్పుకోకపోనీ.

1994లో కర్ణాటక మాజీ ముఖ్యమంత్రి ఎస్.ఆర్. బొమ్మై కేసులో సుప్రీంకోర్టు తొమ్మిదిమంది న్యాయమూర్తుల ధర్మాసనం, రాష్ట్రంలో రాష్ట్రపతి పాలన విధిస్తూ 356వ అధికరణం కింద రాష్ట్రపతి చేసే ప్రకటనను ఈ చెల్లుబాటు గీటురాయి మీదనే పెట్టింది. ప్రకటనకు సంబంధించిన ఆధారం ఉన్నదా, దురుద్దేశం ఉన్నదా అని కోర్టు చూడవచ్చుననీ, పార్లమెంటు ఉభయసభలు ఆమోదించేదాకా శాసనసభను నిలిపి ఉంచాలే తప్ప రద్దు చేయరాదనీ, ప్రకటన చెల్లకపోతే రద్దయిన సభను తిరిగి నిలబెట్టే అధికారం కోర్టుకు ఉన్నదనీ చెప్పింది. బీహార్‌లో 2005 ఫిబ్రవరి ఎన్నికల తరువాత ఎవరికీ ఆధిక్యం రాలేదు. సభ ఒక్కసారైనా కొలువుదీరకముందే మే 23న రద్దయింది. ఆ రద్దు రాజ్యాంగ విరుద్ధమని అక్టోబరు 7న సుప్రీంకోర్టు ప్రకటించింది, అయితే అప్పటికే కొత్త ఎన్నికల ప్రక్రియ నడుస్తున్నందున పాత సభను బతికించలేదు. పూర్తి తీర్పు 2006 జనవరిలో వచ్చింది, అయిదుగురిలో ఇద్దరు విభేదించారు. కనుక ‘రద్దును రద్దు చేసింది’ అంటే పాత సభ తిరిగి వచ్చిందని చదువరి అనుకుంటాడు, అది అబద్ధం. రద్దు చెల్లలేదు, సభా నిలవలేదు.

కొట్టివేతతో వేరొక చిక్కు ఉన్నది. పిటిషన్ కొట్టివేశారంటే ప్రభుత్వం గెలిచినట్లు, జీవో కొట్టివేశారంటే ఓడినట్లు. ‘రద్దు కేసు కొట్టివేత’ అని శీర్షిక పెట్టి పాఠకుణ్ణి లోపలి పేజీకి పరుగెత్తించడం విలేకరులకు అలవాటయింది. రద్దుకు బదులు కన్నడిగుల వలె విసర్జన అందామంటే, మలమూత్రాలకు అంటిన ఆ మాటను శాసనసభకు తగిలిస్తే సభ్యులు నొచ్చుకుంటారు. సభను రద్దు చేయక పక్కన పెట్టి ఉంచడానికి వాడే సుప్తచేతనావస్థ అనే బరువైన సమాసం జోలికి నేను వెళ్లను, ‘నిలిపి ఉంచారు’ అంటే చాలు. సభకు రద్దు అనే వాడుక ఇంత పాతుకున్నాక దానిని తప్పనే సాహసం చేయను. మండలి విషయంలో మాత్రం ‘ఎత్తివేత’ అని రాస్తే మేలని నా అభిప్రాయం, పట్టుబట్టను. మీ మిత్రుల రెండు వాక్యాలూ బీహార్ కేసుకు అతకవు. కోర్టు నిజంగా పాత సభను నిలబెట్టిన సందర్భమంటూ వస్తే, అప్పుడు మొదటివారి వాక్యాన్ని వినడానికి ఎంత మోటుగా ఉన్నా సాధువుగానే ఒప్పుకోవలసి ఉంటుంది.