ఆ మాటకు అర్థం నన్నెందుకు అడిగారు?

కొంపల్లిలో బంధువుల గృహప్రవేశానికి వెళ్తే మీవారు అందరి ముందూ "మా ఆవిడ బంగారమే, కాకపోతే కొన్ని ఫాయిబుల్స్ ఉన్నాయి" అన్నారట. అందరూ నవ్వారు, తెలియక మీరూ నవ్వారు. అది తిట్టా, ఎక్కడ పుట్టిన మాట, అమీర్‌పేట్‌లో స్పోకెన్ ఇంగ్లిష్ క్లాసులో చేరనా అని రాశారు.

తిట్టు కాదమ్మా. స్వభావంలో ఉండే చిన్నపాటి బలహీనతను అలా అంటారు. మన చాదస్తానికి కాస్త దగ్గర. 17వ శతాబ్దంలో ఫ్రెంచి నుంచి ఇంగ్లిష్‌లోకి వచ్చింది. కత్తిసాములోనూ ఈ మాట ఉంది. కత్తి అలుగులో పిడి వైపు సగం గట్టిది, అది 'ఫోర్టే'. నడిమి నుంచి మొన దాకా ఉన్నది అవతలివాడు తోస్తే ఇట్టే లొంగుతుంది, అది 'ఫాయిబుల్'. ఆఫీసుల్లో "ఈ పని నా ఫోర్టే" అంటుంటారే, దాని తోబుట్టువే ఇది.

ఇంతే సంగతి. మీవారైతే అరనిమిషంలో చెప్పేవారు. ఇంటిదాకా కారులో ఆయన పక్కనే కూర్చుని వచ్చారు, అయినా అడగలేదు. "అడిగితే ఇంకోసారి నవ్వుతారు" అని రాశారు చూడండి, ఉత్తరం మొత్తంలో నాకు ఆ ఒక్క వాక్యమే కనపడింది. పెళ్లయి ఆరేళ్లు, ఒక పాప, ఇంకా కట్టుకున్నవాణ్ణి ఒక మాటకు అర్థం అడగాలంటే జంకు!

పడుకునే ముందు రెండుసార్లు వంటింట్లోకి వెళ్లి గ్యాస్ రెగ్యులేటర్ చూసుకోవడం, పాల ప్యాకెట్ కడిగిగానీ కత్తిరించకపోవడం... ఆయన ఎంచిన లోపాలు ఇవేగా? చంటిపిల్ల ఉన్న ఇంట్లో నేనూ అదే చేస్తాను. మానకండి.

"మా తమ్ముడు సరదాకే అన్నాడులే" అందట మీ ఆడపడుచు. అంటుంది, నవ్విన వాళ్లలో ఆవిడా ఉంది కదా. పెళ్లాం మీద నలుగురినీ నవ్వించే సరదా నాకు ఏనాడూ నచ్చదు. ఆవిడతో కబురు పంపకండి, మీ అమ్మగారినీ మధ్యలోకి లాగొద్దు. పాప నిద్రపోయాక, ఆయన చేతిలో ఫోన్ పక్కన పెట్టించి, తెలుగులోనే చెప్పండి: "నాకు తెలియని మాటతో నలుగురిలో నన్ను నవ్వులపాలు చేశారు. ఇంకోసారి అలా అనకండి." ఏడవొద్దు, సంజాయిషీ ఇవ్వొద్దు. నవ్వి కొట్టిపారేస్తే మర్నాడు మళ్లీ అదే మాట.

ఇక క్లాసంటారా, ఉద్యోగం కోసమైతే ఈ వారమే చేరండి. ఆయనతో శభాష్ అనిపించుకోవడానికైతే ఫీజు దండగ.