తేనెకు దిగబోయే మేనల్లుడికి

చిరంజీవి మేనల్లుడికి, మీ మామ దీవెనలు.

ఈ వేసవిలో నువ్వూ తేనెకు వస్తానన్నావని అక్క ఫోన్‌లో చెప్పింది. చాలా సంతోషమైంది అల్లుడూ. ఎండలు ముదరకముందే దోర్నాల వచ్చెయ్.

ముందు తాడు సంగతి. మన చెంచుల్లో సొంత అన్నదమ్ముల చేత తాడు పట్టించరు, బావమరిదే పట్టాలి. మీ నాన్న చరియ మీద నుంచి దిగిన ప్రతిసారీ పైన తాడు కాసింది నేనే. అది తెగితే పోయేది మా అక్క బతుకని నాకు తెలుసు. కట్టుకునే ముందు మూరమూరా తడిమి చూడు. ఎక్కడన్నా పీచు లేచి చేతికి తగిలితే ఆ రోజుకు దిగొద్దు.

ఈగల్ని తోలే పొగకు లోపల ఎండుగడ్డి, పైన పచ్చాకు చుట్టు. మంట లేవకూడదు. ఒక్క నిప్పురవ్వ ఎండాకుల్లో పడితే కొండంతా అంటుకుంటుంది. పనయ్యాక నీళ్ళు పోసి, చేత్తో ముట్టి చూశాకే కదులు.

తేనెపట్టు మొత్తం కొయ్యొద్దు. తేనె ఉండేది పైన, ఒక పక్కకు ఉబ్బిన తలకాయలో. మిగతాదంతా ఈగల పిల్లలు. తలకాయ వరకే కోస్తే ఈగలు మళ్ళీ నింపుతాయి. మైనం మూతలు పడని గదుల తేనె నీళ్ళగా ఉండి పులుస్తుంది, దాన్ని ముట్టుకోకు.

ఈ తప్పు నేను చేశాను. నల్లమల 1983లో పులుల్ని కాపాడే ప్రాజెక్ట్ టైగర్ కిందికి వచ్చింది. అప్పట్నుంచి ఫారెస్టోళ్ళు పట్టుకుంటారని మాకు అడవిలో అడుగు పెట్టాలంటే భయంగా ఉండేది. ఒక ఏడాది షావుకారు అప్పు తీర్చాలని పచ్చి పట్టు మొత్తం కోసుకొచ్చా. పిండితే తేనెలో తెల్లటి పిల్లపురుగులు తేలాయి. ఆ చరియకు మూడేళ్ళు ఈగలు రాలేదు. మా నాన్న చెట్టుకు దణ్ణం పెట్టి అడిగి తెచ్చుకునేవాడు. మేం మన అడవిలోనే దొంగల్లా, దొరికింది దొరికినట్టు లాక్కొచ్చాం.

నీకా భయం అక్కర్లేదు. 2006 అటవీ హక్కుల చట్టంలో తేనె పేరు కూడా ఉంది. తెచ్చుకోవడం, అమ్ముకోవడం మన హక్కు. గ్రామసభ కాగితం జేబులో పెట్టుకుని, బీట్ గార్డుకు చెప్పే వెళ్దాం. తొందరపడి పచ్చిది కొయ్యాల్సిన పని లేదు.

నీకింకా పెళ్ళి కాలేదు కదా, మా చిన్నోడు బావమరిది వరస. తాడు వాడు పడతాడు. వాడి పక్కనే నేను కూర్చుంటా.

మీ మామ